గంపలో నవాబు, నెత్తిన క్రాపు

పామును వెంటబెట్టుకుని బస్సెక్కేవారికి అనుభవం మీద ఒక సలహా. పక్కన కూర్చున్నవారు "గంపలో ఏముంది?" అని అడిగితే మామిడిపళ్ళని చెప్పండి. నేను చచ్చినా అబద్ధమాడనని నియమం పెట్టుకున్నవాణ్ణి కనుక నిజం చెప్పాను. దాని ఫలితం ముందుముందు మీకే తెలుస్తుంది.

అసలు పాముతో నాకేం పని? కిందటి వేసవిలో కుప్పంలో మూఢనమ్మకాల మీద ఉపన్యాసమిచ్చాను. బల్లిపాటు, తుమ్ము, రాహుకాలం, గ్రహణం మైల అన్నింటినీ ఉతికి ఆరేశాను. జనం చప్పట్లు కొట్టారు. దేవుడు లేడన్నాను, దానికీ కొట్టారు. ఆ ఊపులో, జెర్రిపోతు తోకలో విషముందనేది కూడా శుద్ధ అబద్ధమన్నాను. సభ చల్లబడిపోయింది. వెనకనుంచి చెంగప్ప అనే వేరుశనగ వ్యాపారి లేచాడు. నిమ్మకాయలు నిలబెట్టగల మీసం ఆయనది.

"ఏమప్పా, దేవుడు లేడంటివి, ఊరుకుంటిమి. ఆయప్ప వచ్చి అడిగేది లేదు. జెర్రిపోతు తోకలో ఇసం లేదంటే యాడ ఒప్పుకునేది? మా చిన్నాయన కాలు యాల ఎండిపోయిందనుకున్నావు?"

మాటకు మాట పెరిగి పందెం దాకా పోయింది. వచ్చే వేసవిలో నేనే ఒక జెర్రిపోతును తెచ్చి, పదిమందిలో దాని తోకతో నా చేతిమీద కొట్టించుకోవాలి. ఏమీ కాకపోతే చెంగప్ప మీసం తీసేస్తాడు, తన గోదాములో కనబడిన జెర్రిపోతునల్లా కర్రలతో కొట్టి చంపించడం మానేస్తాడు. చెయ్యి పొక్కితే నా క్రాపు తీసి, గుండు గీయించి, నడినెత్తిన పిలక పెట్టిస్తాడు.

పిలక అంటే నవ్వేవారికి ఒక మాట. నేను పదిమందిలో పిలక కత్తిరించుకున్న రోజు మా ఇంట్లో నాకు అన్నం పెట్టలేదు. మా నాన్న ఏడాదిపాటు నాతో మాట్లాడలేదు. ఈ క్రాపు నాకు అంత ఖరీదుకు వచ్చింది. పామును వెతుక్కుంటూ బయలుదేరానంటే ఆశ్చర్యమేముంది?

మదనపల్లె: అల్లుడి అప్పగింతలు

మదనపల్లెలో మహబూబు సాయిబుకు బియ్యం మండీ ఉంది. ఊళ్ళో తక్కిన మండీల వాళ్ళు ఎలుకలకు బోనులు పెడతారు, మందు పెడతారు, చివరికి వినాయకుడికి మొక్కుతారు. సాయిబు ఏమీ పెట్టడు. ఆయన దగ్గర జెర్రిపోతు ఉంది. దక్కనీ ఉర్దూలో దాన్ని ధామన్ అంటారు. ఈయన మాత్రం నవాబ్ అని పిలుస్తాడు.

"నవాబేమిటి సాయిబూ?"

"తినేది, పండుకునేది. మధ్యలో ఒక ఎలక. నవాబు గాక ఇంకేమప్పా?"

మూటల సందునుంచి నవాబు బయటికొచ్చాడు. ఎండిన తాటాకు రంగు ఒళ్ళు, వెనక సగానికి నల్లగీతల అల్లిక, గుండ్రని పెద్ద కళ్ళు. నిలబెడితే నా ఎత్తు దాటుతాడు. కోపమొస్తే మెడ ఉబ్బించి గుర్రుమంటాడు, కోరలు లేవు కనుక గుర్రుమనడంతోనే సగం పని కానిస్తాడు. కరిస్తే గీసుకుపోయి నెత్తురు వస్తుంది, అంతే. ఎలుకలు, కప్పలు, దొరికితే పిట్టలు ఆయన ఆహారం. పట్టపగలు తిరుగుతాడు కనుకే పాపం అందరి కర్రలకూ దొరుకుతాడు.

"ఈ మధ్య బాగా బలిసినాడు," అన్నాడు సాయిబు దిగులుగా. "ఎలకను చూపించినా మూతి తిప్పుకుంటాండాడు. ఊరికే పండుకోనుండాడు."

"అజీర్తి," అని తేల్చేశాను. "తిన్నది అరగడానికి పాములకు రోజులు పడుతుంది."

తెలిసినవాడు చెప్పాడు కదా అని సాయిబు ఊరట చెందాడు. గంపలో గడ్డి పరిచి, నవాబును దింపి, మూత కట్టి, నా చేతికిస్తూ కళ్ళు తుడుచుకున్నాడు. "సంభాల్‌కే మియా. బద్రం. అల్లుణ్ణి పంపిస్తాండా అనుకో. ఎట్ల పంపిస్తినో అట్లనే తెచ్చియ్యల్ల."

బొగ్గుబస్సు

యుద్ధం వచ్చాక పెట్రోలు సైన్యానికి పోయింది, బస్సులు బొగ్గుతో నడుస్తున్నాయి. వెనక కొలిమిలాంటి డబ్బా, అందులో నిప్పులు. కొంచెం ఎత్తు కనిపిస్తే చాలు, బస్సు నిట్టూర్చి ఆగుతుంది. అందరం దిగి తోయాలి. మా కృష్ణ ఒడ్డున నేలంతా చదును కనుక బొగ్గుబస్సు బాధ మాకు అంతగా తెలియదు. ఇక్కడ నేలకు నడుమంతా మడతలే.

నా పక్కన కోళ్ళగంపతో ఒక పెద్దమ్మ కూర్చుంది. "ఏముండాది నాయనా గంపలో? మాగిన కాయలా?"

"జెర్రిపోతు అమ్మా."

"ఎకసెక్కాలు! నీ అవ్వ అంత దాన్ని, నాతో ఆడతావా?" అని నా వీపున ఒకటి చరిచింది. గంప కదిలింది. లోపలినుంచి గుర్రుమని వినిపించింది. కోళ్ళు ఒక్కసారి గొంతెత్తాయి, పెద్దమ్మ వాటిని మించి ఎత్తింది.

బస్సు అప్పుడు నడకవేగంతో గుట్ట ఎక్కుతోంది. జనం ఆపమనికూడా అనలేదు. ముందు తలుపునుంచి, వెనక తలుపునుంచి, ఒకాయన కిటికీనుంచి దిగిపోయారు. బరువు తగ్గేసరికి బస్సు ఎన్నడూ లేనంత హుషారుగా గుట్ట ఎక్కేసింది. పైన ఆగి చూస్తే తక్కిన ప్రయాణికులు దూరంగా, ఊరేగింపులాగా నడిచి వస్తున్నారు.

డ్రైవరు మెచ్చుకోలుగా చూశాడు. "రోజూ తెండప్పా దీన్ని."

కండక్టరుది వేరే బాధ. మేకకు అరటిక్కెట్టు. కోళ్ళగంపకు లగేజి. పాముకు రూలు లేదు. "టిక్కెట్టు కొట్టేకి రూలు లేదు, ఊరికే ఎక్కించుకునేకీ రూలు లేదు. ఏం జేసేదప్పా?" అని తల గోక్కుని, చివరికి చీటీమీద 'తాడు, ఒక గంప' అని రాసుకున్నాడు. చీకట్లో తాడును చూసి పామనుకునే భ్రాంతి గురించి మన వేదాంతులు ఎన్ని గ్రంథాలో రాశారు. పట్టపగలు పామును చూసి తాడని రాసుకున్న వేదాంతి మాత్రం ఈయనొక్కడే.

పుంగనూరు: పొట్టి ఆవు, మామిడి సొన

పుంగనూరులో సాయిబు స్నేహితుడు రెడ్డెప్ప ఇంట దిగాను. రాగిసంగటి, ఊరుబిండి అనే వేరుశనగ పచ్చడి పెట్టారు. మా వైపు రాగులు జ్వరపడ్డవాళ్ళకు జావ కాచి పోస్తారు. ఇక్కడ ఆ పిండినే పిడికిలికి పట్టని ముద్దలు చేసి జ్వరం రాకుండా తింటున్నారు. రెండో ముద్ద దగ్గర నేను మా జిల్లాను మరిచిపోయాను.

తిన్నాక రెడ్డెప్ప ఆవును చూపించాడు. పుంగనూరు ఆవును చూడనివారికి చెబుతున్నాను: అది నా నడుము దాకా కూడా రాదు. పొదుగు నేలకు జానెడు ఎత్తున ఉంటుంది. పాలు తగ్గాయట.

"జెర్రిపోతు పని," అంది రెడ్డెప్ప భార్య మునెమ్మ. "కాళ్ళకు సుట్టుకోని పాలు తాగి పోతాంది."

ఈ మాట మా ఊళ్ళోనూ అంటారు. కానీ మా ఆవులు పొడుగు, పాము తోకమీద లేచి నిలబడాలి. ఇక్కడ పడుకునే తాగవచ్చు. ఈ సౌకర్యం సంగతి మా వైపు జెర్రిపోతులకు తెలిస్తే మూటాముల్లె కట్టుకుని వలస వస్తాయి.

"అమ్మా, పాముకు చప్పరించడానికి పెదవులు లేవు. పళ్ళు లోపలికి వంగిన ముళ్ళు. పొదుగుకు ఆ ముళ్ళు తగిలితే నీ ఆవు ఊరుకుంటుందా?"

ప్రయోగమే సాక్ష్యమని, గిన్నెడు పాలు గంపలో నవాబు ముందు పెట్టించాను. మధ్యాహ్నమంతా నవాబు ముట్టలేదు. గిన్నె బయటికి తీసి గట్టుమీద పెట్టి, విజయగర్వంతో మునెమ్మను పిలిచేలోపల ఆ ఇంటి పిల్లి మొత్తం తాగి మూతి తుడుచుకుంటోంది.

"పిల్లి తాగింది, చూడమ్మా! మూతికి మీగడ ఇంకా ఉంది!"

మునెమ్మ నావైపు జాలిగా చూసింది. "పాము కన్నేసిన పాలప్పా అవి. పిల్లి కడుపులో పడినాయి, అంతే. తాగింది పామే."

ఆ కోపంలో నేను తోటలోకి పోయి, రెడ్డెప్పకు పాముపళ్ళ నిర్మాణం వివరిస్తూ ఒక మామిడికాయ తెంపాను. తొడిమనుంచి సొన చిమ్మి కుడి ముంజేతిమీద పడింది. "కడుక్కోప్పా, పొక్కుతాది," అన్నాడు రెడ్డెప్ప. వాక్యం మధ్యలో ఆపడం వక్తకు అలవాటు లేని పని. వాక్యం పూర్తయ్యేసరికి సొన ఎండిపోయింది. నేను మరిచిపోయాను. అది నన్ను మరవలేదు.

వెంకటగిరికోట: మూడు భాషలు, ఒక పెళ్ళాం

బస్సు మారడానికి వెంకటగిరికోటలో దిగి కాఫీ హోటల్లో కూర్చున్నాను. చక్కెరకు కంట్రోలు, కాఫీలో బెల్లం. ధర మాత్రం చక్కెరదే. గంపలో ఏముందో ఈసారీ నిజమే చెప్పాను, కానీ ముందు కాఫీ తాగేసి చెప్పాను.

ఆ హోటలు పారిపోలేదు, తగాదా పడింది. ఊరి రైతు ఒకాయన జెర్రిపోతు అన్నాడు. గొర్రెలు కొనడానికి కోలారు వైపునుంచి వచ్చిన కన్నడాయన కేరె అన్నాడు. చింతపండు అమ్మే తమిళాయన సారె అన్నాడు. సరిహద్దు ఊళ్ళో పాముకు పేరు పెట్టడమంటే నామకరణం కంటే పెద్ద తతంగం. కాసేపు అరుచుకున్నాక ముగ్గురూ ఒక్క విషయంలో ఏకమయ్యారు. దాని పెళ్ళాం నాగుపాము.

"కేరె గండు, నాగర హెణ్ణు," అన్నాడు కన్నడాయన, మొగుణ్ణీ పెళ్ళాన్నీ రెండు వేళ్ళతో చూపిస్తూ.

"పోతు అని పేర్లోనే ఉండాది గదా," అన్నాడు రైతు. "దున్నపోతు, మేకపోతు, జెర్రిపోతు. అన్నీ మొగవే. మొగోనికి పెళ్ళాం ఉండల్ల గదా? నాగుపామే పెళ్ళాం. ఆయమ్మకు నోట్లో ఇసం, ఈయప్పకు తోకలో."

"పేరును బట్టి ఒళ్ళు పుడుతుందా అయ్యా? జెర్రిపోతుల్లోనూ పోతులుంటాయి, పెంటులనే ఆడవీ ఉంటాయి. జెర్రిపోతు పెళ్ళాం జెర్రిపోతే."

"మరి రెండూ నిలబడి పెనవేసుకోని ఆడేది కండ్లారా సూసినా. కొత్త పంచె కూడా కప్పినా, కలిసొస్తాదని."

"అవి రెండూ మగవి. కుస్తీ పడుతున్నాయి. నువ్వు పంచె కప్పింది ఇద్దరు వస్తాదులకు."

తమిళాయన పకపకా నవ్వాడు. రైతుకు రోషమొచ్చింది. "సరేప్పా. జెర్రిపోతుల్లో పెంటి ఉండాదంటివే, ఒకదాన్ని సూపించు. ఇప్పుడే నమ్ముతా. నీ గంపలో ఉండేది ఏంది?"

"వీడా? వీడు నవాబు," అన్నాను. "పెంటి దొరికిన రోజున నీ దగ్గరికే తెస్తాను."

గంప చంకన పెట్టుకుని లేచాను. బాగా బరువుగా తోచింది. మదనపల్లె ఎలుకలు గట్టివనుకున్నాను.

కుప్పం: నీళ్ళు చల్లిన మంగలి

రైలుస్టేషనుకు దగ్గర్లోనే చెంగప్ప గోదాము. ముందున్న కళ్ళంలో జనం నిండారు. బెంగుళూరు బండికోసం వచ్చినవాళ్ళు కూడా బండి వదులుకుని కూర్చున్నారు. ఒకపక్క మంగలి మునుసామి పొది విప్పుకుని సిద్ధంగా ఉన్నాడు. మీసమో గుండో, ఏదో ఒకటి తప్పదు కనుక ఆ సభలో నిశ్చింతగా ఉన్నవాడు ఆయనొక్కడే.

నేను చూపు పాముమీదే ఉంచి జుబ్బా కుడిచెయ్యి పైకి మడిచి, నవాబును నడుం దగ్గర పట్టి ఎత్తాను. కోపంతో మెడ ఉబ్బించి గుర్రుమన్నాడు, తోక వచ్చి ముంజేతిమీద ఛటేలున తగిలింది. జనం "హా!" అన్నారు. నవాబును గంపలో దింపి, మూత వేసి, చెయ్యి పైకెత్తి చూపించాను. "చూడండి! ఏమైంది?"

చూశారు. నేనూ చూశాను. ముంజేతిమీద రూపాయంత పొక్కు, దాని చుట్టూ ఎర్రగా చిన్న పొక్కులు.

"ఇంత బిన్నానే, తగిలీ తగలకనే పొక్కిపాయనే!" అంది ఎవరో ఆవిడ.

"ఇది మామిడి సొన! పుంగనూరులో పడింది!"

చెంగప్ప మీసం దువ్వాడు. "పుంగనూర్లో పడిన సొన కుప్పంలో పొక్కుతాదా అప్పా? నువ్వు బస్సులో వస్తివి, సొన నడిసి వచ్చినట్లుండాది."

జనం విరగబడి నవ్వారు. నా తర్కమంతా నా చేతిమీదే పొంగి కూర్చుంది. రెడ్డెప్పను పిలిపించమన్నాను, దూరమన్నారు. మరోసారి ఎడమచేతిమీద కొట్టించుకుంటానన్నాను, పందెం ఒక్కసారికేనన్నారు. వాదన పొద్దు నడినెత్తికి వచ్చేదాకా సాగింది. అంతలో చెంగప్ప భార్య అక్కులమ్మ వచ్చి అన్నానికి లేపింది. ఆ ఊరి మర్యాద గొప్పది. ఎంత తగాదా అయినా ఆకలి వేళకు ఆపుతారు. పెళ్ళికొడుకులా నన్ను పీటమీద కూర్చోబెట్టి, సంగటి, ఉలవచారు కొసరి కొసరి వడ్డించి, చెయ్యి కడిగించి, మంగలి ముందు కూర్చోబెట్టారు.

మునుసామి నా నెత్తిమీద నీళ్ళు చల్లాడు. నీళ్ళు మెడమీదుగా జుబ్బాలోకి దిగాయి. "పిలక ఎంత పెట్టల్లప్పా, ఆవు పాదమంతనా, మేక పాదమంతనా?" అని అడిగాడు. ఆ క్షణంలో నాకు మా నాన్న కనిపించాడు, అదీ నవ్వుతూ. ఏడాదిపాటు మాట్లాడకపోయినా గెలవనివాడు ఒక్క మామిడికాయతో గెలుస్తున్నాడు.

అప్పుడు గంప దగ్గరినుంచి అక్కులమ్మ కేక వేసింది. "ఓయప్పా! ఇట్ల రాండి! ఇది సూడండి!"

నీళ్ళు కారుతున్న తలతో నేనూ పరుగెత్తాను. గంప మూత పక్కకు తొలగి ఉంది. గడ్డిమీద నవాబు చుట్ట చుట్టుకుని ఉన్నాడు. చుట్ట మధ్యలో తెల్లగా, కోడిగుడ్లకంటే కోలగా, ఒకదానికొకటి అంటుకుని గుడ్లు. మేం చూస్తుండగానే ఇంకొకటి వచ్చి చేరింది.

మదనపల్లెనుంచి నేను "వాడు" అంటూనే ఉన్నాను. వెంకటగిరికోటలో పెంటిని చంకలో పెట్టుకుని, పెంటి దొరికితే తెస్తానని మాటిచ్చాను. అజీర్తి అట! ఇది తలుచుకుని తర్వాత బస్సులో చాలాసేపు నాలో నేనే నవ్వుకున్నాను. ఆ నిమిషంలో మాత్రం బెంచీ ఎక్కి అరిచాను. "చూశారా! పోతు అన్నారు, గుడ్లు పెట్టింది! మగది కాదు. నాగుపాము దీని పెళ్ళామూ కాదు. పెళ్ళాం నోట్లో విషముంది కనుక మొగుడి తోకలో ఉందన్న మాటే లేదు!"

చెంగప్ప గంపలోకి చూశాడు. చేతులు రెండూ వాటంతటవే పైకి లేచి జోడయ్యాయి.

"పోతు... గుడ్లు పెట్టిండాది!"

"పెట్టింది కనుక పోతు కాదంటున్నాను!"

"పోతు కాబట్టే మహిమప్పా! పెంటి గుడ్లు పెడితే దాంట్లో ఏముండాది? మా ఇంట్లో కోడి దినామూ పెడతాంది!"

అప్పటికే ఎవరో పసుపు తెచ్చారు. ఎవరో కర్పూరం తెచ్చారు. కొబ్బరికాయ పగిలిన చప్పుడు వినిపించింది. నేను మళ్ళీ నోరు తెరవబోతే అక్కులమ్మ నా జుబ్బా పట్టి లాగింది.

"దిగప్పా నువ్వు. నీ మాటే నిజమైతే ఆయప్ప రేపు మళ్ళా కర్ర తీస్తాడు. ఆ గోదాములో సచ్చినవాట్ని ఎత్తిపోసింది నేను. ఆటి కడుపుల్లో గుడ్లు నేను సూసినా."

"మరి ఎప్పుడూ చెప్పలేదేమమ్మా?"

"నన్నెవురు అడిగినారు? ఉపన్యాసాలిచ్చేది మీరు."

దిగితే అబద్ధం గెలుస్తుంది, దిగకపోతే పాములు చస్తాయి. కానీ నియమం నియమమే. నేను దిగలేదు. అది పెంటేనని, మహిమ లేదని, ఎలుకలు తినడమే దాని మహిమని గొంతు పోయేలా చెప్పాను.

చెంగప్ప భక్తితో అంతా విన్నాడు. "సూస్తిరా? సామిని నెత్తిన మోసుకోని వచ్చినోడు. ఎంత అణకువ! ఒప్పుకోనే ఒప్పుకోడు!"

మునుసామికి ఓపిక అయిపోయింది. "ఎవురికప్పా గుండు? నీళ్ళు ఆరిపోతాండాయి."

"నాకే," అని చెంగప్ప వచ్చి కూర్చున్నాడు. గుండు అయింది. తర్వాత ఆయనే మూతి ముందుకు పెట్టాడు. ఆ మీసం కింద ఇంత చిన్న మూతి ఉందని ఊళ్ళో ఎవరికీ తెలియదు. మునుసామి చెయ్యి కూడా ఒకసారి ఆగింది.

"అయితే ఓడిపోయానని ఒప్పుకున్నట్టేనా?" అన్నాను.

"యాల ఓడేది? ఇది మొక్కు."

"గోదాములో జెర్రిపోతుల్ని చంపించవు కదా?"

చెంగప్ప చెవులు మూసుకున్నాడు. "సంపేదా! శివశివా! సామి కాన్పు అయిన సోటప్పా ఇది!"

నేను అడిగినవన్నీ నాకు దక్కాయి. మీసం పోయింది, పాములు బతికాయి, క్రాపు నిలిచింది. ఒక్క కారణం మాత్రమే నాది కాదు. అక్కులమ్మ కొబ్బరిచిప్ప నా చేతిలో పెట్టింది. "తినప్పా. కొబ్బరికేం తెలుసు, ఎవురికోసం కొట్టినారో."

తిన్నాను. తియ్యగా ఉంది.

మళ్ళీ మదనపల్లె

గుడ్ల చుట్టూ చుట్టుకున్న నవాబును కదిలించడం తగదు కనుక గోదాములోనే ఒక మూల వదిలి, ఖాళీ గంపతో బస్సెక్కాను. గుట్ట దగ్గర అదే పెద్దమ్మ ఎక్కింది. నన్ను చూసి ఆగి, గంపవైపు వేలు చూపింది.

"ఏముండాది?"

"ఏమీ లేదమ్మా," అన్నాను. నిజమే చెప్పాను. బస్సంతా దిగిపోయింది. గుట్ట హాయిగా ఎక్కేశాం.

మండీలో మహబూబు సాయిబు గంప తీసుకుని మూత తెరిచాడు. గడ్డి తిరగేసి చూశాడు. "అల్లుడు యాడ?"

"కాన్పుకు ఆగాడు సాయిబూ."

అర్థమయ్యాక మూటమీద కూర్చుని పొట్ట పట్టుకుని నవ్వాడు. నవ్వి నవ్వి, ఉన్నట్టుండి ఆపి, నన్ను కింది నుంచి పైదాకా చూశాడు.

"అజీర్తి అంటివే?"

నేను గంపలో గడ్డి సర్దాను.

"సరే మియా. గుడ్లు పగిలినాక ఒక పిల్లను తెచ్చియ్యి. ఈ తూరి మాత్రం బాగా సూసి తే. పోతునే తేవల్ల." అని, నా నెత్తివైపు చూసి, "క్రాపు బాగుండాది. అది మాత్రం ఎట్ల పోతివో అట్లనే తెచ్చినావు," అన్నాడు.